కెమెరా కంటే ముందు కేసు కట్ట

ఎడిటర్ గారికి,

చేయని నేరానికి జైలుకెళ్లి వచ్చినవాళ్ల మీద తెలుగులో వస్తున్న వీడియోలు చాలావరకు ఒకే మూసలో ఉంటున్నాయి: తల్లి ఏడుపు, జైలు గేటు, వెనక వయొలిన్. చూసినవాళ్లకు జాలి కలుగుతుంది. తప్పు ఎక్కడ జరిగిందో మాత్రం తెలియదు. అది తెలియాలంటే వీడియో తీసేవాళ్లు ముందు కేసు కట్ట, అంటే కోర్టులోని కాగితాలన్నీ తిరగేయాలి.

ఎఫ్ఐఆర్, రిమాండ్ రిపోర్టు, పంచనామాలు, సాక్షుల వాంగ్మూలాల సర్టిఫైడ్ కాపీలకు కోర్టులో అర్జీ పెట్టాలి. సంబంధం లేనివాళ్లు అడిగితే కారణం చూపమంటారు కాబట్టి నిర్దోషిగా బయటపడ్డ వ్యక్తి పేరుతోనే, ఆయన వకీలు ద్వారా వెళ్లడం మేలు. ఆ తర్వాత తేదీలన్నీ ఒకే కాగితం మీదకు తెచ్చుకోవాలి. ఎఫ్ఐఆర్ మేజిస్ట్రేటుకు ఎప్పుడు చేరింది? అరెస్టు చూపిన రోజుకు ముందే మనిషి స్టేషన్‌లో ఉన్నాడా? వస్తువులు ల్యాబ్‌కు వెళ్లేదాకా ఎవరి దగ్గరున్నాయి, సీలు ఎవరిది? గుర్తింపు పరేడ్‌కు, అంటే సాక్షి నలుగురిలో నిందితుణ్ని గుర్తుపట్టే తంతుకు ముందే అతని ఫొటో పత్రికలో వస్తే ఆ గుర్తింపుకు విలువ పోయినట్టే (ఇది పత్రికలకూ తగిలే మాట). అన్నిటికన్నా రికవరీ పంచనామాను, అంటే వస్తువు దొరికిందని రాసిన కాగితాన్ని, నిదానంగా చదవాలి. పోలీసుల ముందు ఒప్పుకోలు చెల్లదు గానీ, దాని వల్ల ఒక వస్తువు బయటపడితే ఆ మేరకు చెల్లుతుంది. పాత చట్టంలో ఇది సెక్షన్ 27, కొత్త సాక్ష్య చట్టంలో 23. కట్టుకథ దూరే సందు అదే.

విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నం హాస్టల్‌లో జరిగిన హత్యాచారం కేసునే తీసుకోండి. నేరం 2007 డిసెంబరులో జరిగింది. 2010లో శిక్ష పడ్డ యువకుణ్ని 2017 మార్చి 31న హైకోర్టు నిర్దోషి అంది. అప్పటికే ఎనిమిదేళ్లకు పైగా జైల్లో గడిచాయి. ఈ కేసు బాధితురాలి పేరుతోనే చలామణి అవుతోంది. కానీ అత్యాచార కేసుల్లో బాధితురాలు చనిపోయినా సెషన్స్ జడ్జి అనుమతి లేకుండా పేరు, ఫొటో చూపకూడదు. ఈ సంగతి పట్టించుకోని వీడియోలే ఎక్కువ.

రికార్డింగ్ విషయానికొస్తే, అమెరికాలో డాలస్ పోలీసు హత్య కేసుపై 1988లో వచ్చిన డాక్యుమెంటరీ 'ది థిన్ బ్లూ లైన్' గుర్తు చేసుకోవాలి. అసలు దోషి దాదాపు ఒప్పేసుకున్న ఆఖరి సంభాషణ సమయానికి కెమెరా చెడిపోయింది. దక్కింది టేపు రికార్డరులోని గొంతే. ఆ కేసులో చేయని నేరానికి 1977లో మరణశిక్ష పడ్డ రాండల్ ఆడమ్స్ 1989లో బయటికొచ్చారు. అందుకే విడిగా ఆడియో ఎప్పుడూ నడుస్తుండాలి. ఒరిజినల్ కార్డును చెరపకుండా దాచి, హ్యాష్ విలువ (ఫైలు మారితే తానూ మారిపోయే, వేలిముద్ర లాంటి అంకె) రాసి పెట్టుకోవాలి. కోర్టులో వాడాల్సి వస్తే కొత్త సాక్ష్య చట్టం సెక్షన్ 63 కింద ఎలక్ట్రానిక్ రికార్డుకిచ్చే సర్టిఫికెట్ కావాలి, ఎడిట్ చేసిన ఫైలుతో పని జరగదు. మాట మార్చదలచిన సాక్షి మీద తప్పుడు సాక్ష్యం కేసు పడే వీలుంది. ముందు తన వకీలుతో మాట్లాడుకోనివ్వండి, షాటు తర్వాత. కథ హక్కులు ఎవరివో కూడా కాగితం మీద ఉండాలి. విడుదలయ్యాక ఆడమ్స్, దర్శకుడు ఎరల్ మోరిస్ ఆ హక్కుల కోసమే తగువు పడ్డారు.

ఇక జైలు గేటు షాటుతో సినిమా ముగించేవాళ్లు పరిహారం సంగతి కూడా అడగాలి. తప్పుడు ప్రాసిక్యూషన్‌కు పరిహారం ఇచ్చే చట్టం కావాలని లా కమిషన్ 2018లో 277వ నివేదికలో చెప్పింది. సరైన కారణం లేకుండా అరెస్టు చేయించినవారి నుంచి మేజిస్ట్రేటు ఇప్పించగల మొత్తం మాత్రం కొత్త నాగరిక్ సురక్షా సంహిత (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన చట్టం) 399వ సెక్షన్‌లోనూ గరిష్ఠంగా 1000 రూపాయలే.

— ఒక పాఠకుడు, విజయవాడ