ఎర్ర లైటు వెలిగితే రీసెట్ నొక్కుతూ పోవద్దు

సంపాదకులకు,

నల్లగొండ, మిర్యాలగూడ, జడ్చర్ల వైపు చాలా బేకరీల్లో డీజిల్ ఓవెన్లే నడుస్తున్నాయి. క్రిస్మస్ కేకుల ఒత్తిడిలో బర్నర్ (ఓవెన్‌లో డీజిల్‌ను మండించే యంత్రం) ఆగి ఎర్ర లైటు వెలిగితే పనివాళ్లు ముందుగా చేసేది రీసెట్ బటన్‌ను పదేపదే నొక్కడం. అదే అసలు ప్రమాదం.

స్విచ్ వేయగానే ఫ్యాన్ తిరిగి లోపలి పాత పొగను ఊదేస్తుంది. తర్వాత ట్రాన్స్‌ఫార్మర్ దాదాపు 10,000 వోల్టుల స్పార్క్ ఇస్తుంది, కరెంటుతో పనిచేసే సోలెనాయిడ్ వాల్వ్ తెరుచుకుంటుంది, పంపు ఒత్తిడికి నాజిల్ డీజిల్‌ను మంచులా చిమ్ముతుంది. సుమారు 10 సెకన్లలో ఫొటోసెల్‌కు మంట వెలుగు కనబడకపోతే కంట్రోలర్ డీజిల్ ఆపేసి ఎర్ర లైటు వెలిగిస్తుంది. గంటకు 6 లీటర్లు తాగే బర్నర్ ఆ 10 సెకన్లలో చిమ్మేది దాదాపు 17 మిల్లీలీటర్లు. రీసెట్ 8 సార్లు నొక్కితే 130కి పైనే. మంట మండే వేడి చాంబర్‌లో అది ఆవిరై నిండి ఉండగా తొమ్మిదోసారి స్పార్క్ తగిలితే ఓవెన్ తలుపో, పొగ గొట్టమో ఎగిరిపోతుంది.

రీసెట్ ఒక్కసారే నొక్కండి. మళ్లీ ఆగితే కరెంటు తీసేసి, డీజిల్ వాల్వ్ కట్టేసి, ఓవెన్ చల్లారాక చాంబర్‌లో టార్చి వేసి చూడండి. డీజిల్ నిలిచి ఉంటే తుడిచి, బాగా గాలి పోనిచ్చాకే తిరిగి వెలిగించాలి. లోపం చాలాసార్లు చిన్నదే. ఫొటోసెల్‌కు మసి పడితే పొడి గుడ్డతో తుడిస్తే చాలు. స్పార్క్ ఇచ్చే కడ్డీల (ఎలక్ట్రోడ్ల) మధ్య 3-4 మిల్లీమీటర్ల సందు ఉండాలి. వాటి పింగాణీ చిట్లితే స్పార్క్ పక్కకు పోతుంది. వానాకాలంలో ట్యాంకు అడుగున నీళ్లు చేరతాయి, ఫిల్టర్ కప్పు విప్పి చూడాలి. ఫొటోసెల్ ఊడదీసి, దానికి ఫోన్ లైటు చూపించి ఓవెన్ నడిపే ఘనులూ ఉన్నారు. అప్పుడు మంట ఆరిపోయినా డీజిల్ ఆగదు!

నాజిల్‌ను తీగతో పొడవద్దు. రంధ్రం చెడితే డీజిల్ ఒక పక్కకే పడి గోడకు మసి కడుతుంది. నాజిల్ మీద చెక్కిన అంకె, కోణం చూసి అలాంటిదే కొత్తది వేయాలి. పొగ నల్లగా వస్తే గాలి చాలడం లేదని అర్థం. కళ్లు మండే తెల్లపొగ వస్తే డీజిల్ కాలకుండా పోతున్నట్టు. లీటరు డీజిల్ కాలడానికి 10 ఘనపు మీటర్లకు పైగా గాలి కావాలి. వెనక గదిలో షట్టర్ దించి, ఉన్న గాలినీ బయటికి లాగేసే ఎగ్జాస్ట్ ఫ్యాన్ వేసి, పొగ వస్తోందని డీజిల్‌ను తిడితే ఏం లాభం?

ఈ ఓవెన్లలో పుట్టేది ఆవిరి కాదు, వేడిగాలి. అందుకే బాయిలర్ల తనిఖీ వీటి దాకా రాదు. ట్రేడ్ లైసెన్స్ రెన్యువల్ చేసేటప్పుడు మున్సిపాలిటీ అధికారులు ఆ ఏడాది బర్నర్ సర్వీస్ రసీదు కూడా అడగాలని మా విన్నపం.

– బర్నర్ మెకానిక్‌లు, నల్లగొండ