గాలి మూత పడని గ్రిల్లు గురించి మూడోసారి ఫిర్యాదు

కస్టమర్ కేర్ వాళ్ళకి,

నమస్తే అండి. పోయిన నెల మీ దగ్గర 8,499 రూపాయలు పెట్టి మూత ఉన్న బొగ్గుల గ్రిల్లు కొన్నాను, ఆర్డర్ నెంబర్ సబ్జెక్ట్ లోనే పెట్టా. ఇది మూడో మెయిల్. మొదటి రెండింటికీ "బొగ్గులు తక్కువ వేసి వాడండి" అని ఒకటే కాపీ పేస్ట్ జవాబు వచ్చింది, అందుకే ఈసారి విడమర్చి రాస్తున్నా.

తేడా అంతా కింద గాలి మూతలో, అంటే గాలి లోపలికి పోయే కంతని మూసే రేకులో ఉంది. పిడిని పూర్తిగా క్లోజ్ వైపుకి తిప్పినా ఒక పక్కన చిటికెనవేలు పట్టేంత సందు మిగిలిపోతోంది. వెలిగించిన అగరబత్తి ఆ సందు దగ్గర పెట్టి చూశా, పొగ పైకి లేవకుండా అడ్డంగా లోపలికి లాక్కుపోయింది. బొగ్గుల మీద వంటంటే గాలితోనే కదండీ, గాలి ఎంత పోతే సెగ అంత. మా అమ్మమ్మ కుంపటికీ కింద చిన్న కిటికీ ఉండేది, పాలు పొంగుకొస్తుంటే దానికి పెంకుముక్క అడ్డం పెట్టేది, కాసేపటికి సెగ తగ్గేది. మీ గ్రిల్లు ఆ పెంకుముక్క పాటి కూడా చెయ్యట్లేదు.

మొన్న ఆదివారం డాబా మీద కేజిన్నర లెగ్ పీసులు పెట్టాను. బొగ్గులు ఒక పక్కకే పోసి, 25 నిమిషాలు ఆగి, పైన తెల్లగా బూడిద పట్టాకే ముక్కలు బొగ్గుల్లేని పక్కన పేర్చి మూత వేసి కింద గాలి సగానికి తగ్గించా, ఇందులో నేను తప్పుగా వాడింది ఏముందో మీరే చెప్పండి. కాసేపటికి మూత తీస్తే లోపల కొలిమే! ముక్కలు పైన నల్లగా మాడిపోయాయి, ఎముక దగ్గర మాత్రం పచ్చి. చికెన్ లోపల 74 డిగ్రీలు వస్తేనే తినాలి. గ్రిల్లులో అంత సెగ ఉన్నా మీ మూత మీద వేడి చూపే మీటర్ మాత్రం 120 దగ్గరే నిలబడి ఉంది. మర్నాడు అదే మీటర్ విప్పి మరిగే నీళ్ళలో ముంచితే 70 దాటలేదు. వచ్చిన చుట్టాలకి ఆఖరికి బయట్నుంచి బిర్యానీ తెప్పించా.

మీ బుక్‌లెట్ గురించి కూడా చెప్పాలి. కొవ్వు కారి మంట లేస్తే నీళ్ళు చల్లమని రాశారు, ఎవరు రాశారో గానీ తీసేయించండి. కాగిన కొవ్వు మీద నీళ్ళు పడితే చిటపటమని మొహం మీదకి చిందుతుంది, బూడిద లేచి ముక్కలకి అంటుకుంటుంది. ముక్కలు పక్కకి జరిపి మూత వేస్తే మంట దానంతటదే పడిపోతుంది, అదీ గాలి మూత సరిగ్గా పడితేనే.

అసలు భయపడింది వంట అయ్యాక. రాత్రి పదింటికి పైదీ కిందదీ రెండు గాలి మూతలూ మూసేసి పడుకున్నా. గాలి ఆగితే నిప్పు చల్లారి మిగిలిన బొగ్గులు మళ్ళీ వాడుకోవచ్చు. పొద్దున ఆరింటికి చూస్తే గ్రిల్లు ఇంకా చెయ్యి పెట్టలేనంత వేడి, లోపల పిడికెడు బూడిద. పిల్లలు తిరిగే డాబా అండి అది.

నాకు కూపన్లు వద్దు. వారంటీ ఏడాది ఉంది కాబట్టి కింది భాగం, మీటర్ రెండూ పది రోజుల్లో మార్చండి, లేదా గ్రిల్లు మీరే తీసుకెళ్ళి మొత్తం డబ్బులు వెనక్కివ్వండి. అగరబత్తి వీడియో, మీటర్ ఫోటోలు జత చేశాను. ఈసారి కూడా బొగ్గులు తక్కువ వెయ్యమంటే మాత్రం వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 కి ఫోన్ చేసి కంప్లైంట్ పెడతా.

ఇట్లు,
మీ కస్టమర్, హైదరాబాద్