చక్ లేని లేత్ ఎవరికి?

దిగుమతి సీఎన్‌సీ లేత్‌ల (కంప్యూటర్ ఆదేశాలతో లోహాన్ని తిప్పుతూ చెక్కే యంత్రాల) ధర కొటేషన్‌లో ఒకటి, షెడ్డుకు చేరేసరికి ఇంకొకటి అవుతూ విశాఖ ఆటోనగర్‌లోని చిన్న యూనిట్లను ముంచుతోంది. డాలర్లలో రాసిన ఎఫ్‌ఓబీ ధర (అమ్మేవాళ్ల రేవులో ఓడ ఎక్కించే వరకే లెక్కేసిన ధర) చూసి బ్యాంకు లోను పెట్టుకుంటాం. ఓడ కిరాయి, బీమా, కస్టమ్స్ సుంకం, యంత్రం ధరతో కలిపి వీటన్నిటిపై 18 శాతం ఐజీఎస్టీ (దిగుమతులపై పడే జీఎస్టీ), పోర్టు నుంచి ట్రైలర్, క్రేన్ ఖర్చు తర్వాత ఒక్కొక్కటే బయటపడతాయి. ఐజీఎస్టీ తర్వాత మేం కట్టే జీఎస్టీలో క్రెడిట్‌గా తగ్గుతుందంటారు, నిజమే, కానీ ముందు రొక్కం కట్టాలిగా! ఈలోగా రూపాయి పడితే ఆ తేడా కూడా మా నెత్తినే. నేను చూసిన ఒక కొటేషన్‌లో చక్ (చెక్కాల్సిన ముక్కను పట్టి తిప్పే భాగం), టూల్ హోల్డర్లు (కోసే పనిముట్లను పట్టి ఉంచేవి) ‘అదనం’ అని చివరి పేజీలో చిన్న అక్షరాల్లో ఉంది. యంత్రం షెడ్డులో తిరిగే వరకు అయ్యే మొత్తం ఖర్చును రూపాయల్లో విడివిడిగా చూపే కొటేషన్ నమూనాను జిల్లా పరిశ్రమల కేంద్రం తయారుచేయాలి, లోనుకు బ్యాంకులు దాన్నే అడగాలి.

– ఒక వర్క్‌షాప్ యజమాని, గాజువాక, విశాఖపట్నం