నోటు వెనక చెల్లు చూపించండి: కేంద్ర ఆర్థిక మంత్రి గారికి బహిరంగ లేఖ

నిర్మలా సీతారామన్ గారికి నమస్కారం.

మేడమ్, మీరు 2014లో ఆంధ్రప్రదేశ్ నుంచి రాజ్యసభకు ఎన్నికయ్యారు, తెలుగు మీకు కొత్త కాదు కాబట్టి తెలుగులోనే రాస్తున్నాను. నేను అడగబోయేదాంట్లో సగం తెలుగు గురించే.

2021 అక్టోబరులో హైదరాబాద్ శివారు నిజాంపేటలో రెండు బెడ్‌రూముల ఫ్లాటు కొన్నాం. ధర 52 లక్షలు. నాకప్పుడు 38 ఏళ్లు. చేతిలో ఉన్న 13 లక్షలు పెట్టాం, రిజిస్ట్రేషన్‌కి 7.5 శాతం అంటే మరో 3 లక్షల 90 వేలు కావాలి, అది లోన్‌లో కలవదు కాబట్టి మా ఆవిడ గొలుసూ గాజులూ తాకట్టు పెట్టాం. మిగతాది బ్యాంకు లోను. 40 లక్షలు, 20 ఏళ్లు, 6.75 శాతం, నెలకు 30,415 రూపాయల ఈఎంఐ.

తణుకు దగ్గర మా ఊళ్లో ఉన్న నాన్నకి ఫోన్ చేసి చెబితే ఆయన అడిగిన మొదటి ప్రశ్న "నూటికెంత పడుతోందిరా?" అని. లెక్క వేసి నెలకి నూటికి యాభై ఆరు పైసలు నాన్నా అన్నాను. ఆయన నమ్మలేదు. రెండు రూపాయల వడ్డీకి నోటు రాసి వ్యవసాయం చేసిన మనిషి ఆయన. అంత చవగ్గా వస్తుంటే ఇంకా ఆలోచిస్తావేంట్రా, తీసేసుకో అన్నారు.

నిజానికి ఆలోచించాల్సింది అప్పుడే. 30,415ని 240 నెలలతో గుణిస్తే 73 లక్షలు. అంటే 40 లక్షల అప్పుకి 33 లక్షల వడ్డీ, అదీ వడ్డీ ఇరవై ఏళ్లూ అక్కడే ఉంటే. ఈ గుణకారం మా ముందు ఎవరూ చేయలేదు. ఇంటికొచ్చి కాగితాలు తీసుకెళ్లిన ఏజెంటు, బ్యాంకులో సంతకాలు పెట్టించుకున్న ఆఫీసరు, బిల్డర్ మనిషి, అందరూ ఒకే మాట అన్నారు: అద్దె ఎలాగూ కడుతున్నారు కదా సార్, ఇంకో పది పన్నెండు వేలు వేసుకుంటే ఇల్లు మీదవుతుంది. ఈ మాట అబద్ధం కాదు, అందుకే అంత తేలిగ్గా నమ్మాం. నెలకి కట్టగలమా లేదా అన్నదొక్కటే చూసుకున్నాం, మొత్తం మీద ఎంత కడతామన్నది చూసుకోలేదు.

సంతకాల రోజు నాకింకా గుర్తుంది. కాగితాల కట్ట ఇంత మందం ఉంది. ఎక్కడెక్కడ సంతకం పెట్టాలో ముందే పెన్సిల్‌తో చిన్న ఇంటూ మార్కులు పెట్టి ఉంచారు, ఆఫీసరు వేలితో చూపిస్తూ పేజీలు తిప్పుతుంటే నేనూ మా ఆవిడా ఒకరి తర్వాత ఒకరం పెట్టుకుంటూ పోయాం. మధ్యలో ఒక పేజీ దగ్గర ఆగి ఇదేంటండీ అన్నాను. "ఇన్సూరెన్స్ సార్, మీ సేఫ్టీ కోసమే, మీరేం కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేశాం" అన్నారు. 40 లక్షల్లో 39 ఇంటికి, లక్ష ఆ ప్రీమియానికి. నేనేం కట్టక్కర్లేదన్న ఆ లక్షకి ఇరవై ఏళ్లలో నేను కట్టేది 1 లక్షా 82 వేలు. కుటుంబానికి బీమా ఉండాలి, కాదనను. కానీ అది నేను విడిగా, నాకు నచ్చిన చోట, ఏటా కొంత కట్టి తీసుకునే వీలుందని ఆ రోజు చెప్పి ఉండాల్సింది. 2024 నవంబరులో ముంబైలో స్టేట్ బ్యాంక్ సదస్సులో మీరే అన్నారు, బ్యాంకులు ఇన్సూరెన్సును తప్పుడు పద్ధతిలో అంటగట్టడం వల్ల అప్పు తీసుకునేవాడి భారం పరోక్షంగా పెరుగుతోందని. ఆ వార్త చదివినప్పుడు నాకు ఆ పెన్సిల్ మార్కు పేజీయే గుర్తొచ్చింది.

ఇక అసలు సంగతికి వస్తాను.

2022 మేలో రిజర్వ్ బ్యాంక్ రెపో రేటు, అంటే తను బ్యాంకులకిచ్చే అప్పు మీద వడ్డీ, పెంచడం మొదలుపెట్టింది. 4 శాతం ఉన్నది 2023 ఫిబ్రవరికి 6.5 అయ్యింది. ధరలు అదుపు చేయడానికి పెంచారు, అది అర్థమవుతుంది, దాని మీద నాకు ఫిర్యాదు లేదు. 2019 అక్టోబరు నుంచి కొత్త ఇంటి లోన్ల మారే వడ్డీని బ్యాంకులు రెపో లాంటి బయటి రేటుకు ముడిపెట్టాలన్న నిబంధన ఉంది కాబట్టి నా 6.75 కూడా మెట్టు మెట్టుగా 9.25కి చేరింది. ఎస్సెమ్మెస్‌లు వచ్చేవి, కొత్త వడ్డీ ఇంత అని. చివరిదాంట్లో ఈఎంఐ 32,366 అయ్యిందని ఉంది. రెండు వేలు పెరిగింది, పోనీలే అనుకున్నాం. ఇన్ని వాయిదాలు మిగిలాయన్న ముక్క మాత్రం అందులో లేదు.

2023 మేలో నాన్న మా ఇంటికొచ్చారు. ఒక సాయంత్రం బాల్కనీలో కూర్చుని, "ఇప్పటిదాకా అసలు ఎంత తీరిందిరా?" అని అడిగారు. నాకు తెలియదు. చదువుకున్నవాణ్ణి, రోజంతా కంప్యూటర్ ముందు కూర్చునేవాణ్ణి, నా అప్పులో అసలు ఎంత తీరిందో నాకు తెలియదు. ఆయనకి అది వింతగా అనిపించింది. వాళ్ల రోజుల్లో ప్రామిసరీ నోటు వెనక చెల్లు వేసేవారు. ఎంత కట్టారు, ఏ తేదీన కట్టారు, కింద సంతకం. అలాంటి పాత నోటు ఒకటి మా ఇంట్లో ఇనప్పెట్టెలో ఇప్పటికీ ఉంది, వెనక నాలుగు చెల్లులు, నాలుగు రంగుల సిరా. మూడేళ్లు దాటితే నోటు కాలదోషం పడుతుంది, అంటే కోర్టుకెళ్లి వసూలు చేసుకోలేరు, కాబట్టి చెల్లు వేయించుకోవడం అప్పిచ్చినవాడికీ అవసరమే, అది వేరే సంగతి. కానీ ఏ రోజున అడిగినా అసలు ఇంత, వడ్డీ ఇంత అని నాన్న నోటితో చెప్పేవారు. ఆ రెండు రూపాయల వడ్డీ మంచిదని నేననడం లేదు, దానివల్ల ఎన్ని ఎకరాలు పోయాయో మా ఊళ్లో అందరికీ తెలుసు. లెక్క మాత్రం కళ్ల ముందు ఉండేది.

ఆ రాత్రి యాప్‌లో వెతికాను. మూడు నాలుగు చోట్ల నొక్కితే గానీ దొరకలేదు, పీడీఎఫ్, పాస్‌వర్డ్, ఇంగ్లీషు. పద్దెనిమిది నెలల్లో మేం కట్టింది సుమారు ఐదున్నర లక్షలు. తీరిన అసలు 1 లక్షా 5 వేలు. కింద మిగిలిన వాయిదాలు 342 అని ఉంది. 240లో 18 కట్టేశాం కదా, 222 ఉండాలి. మళ్లీ చూశాను. 342.

పదేళ్లు పెరిగింది మేడమ్. 2041లో, నాకు 58 ఏళ్లప్పుడు తీరాల్సిన అప్పు 2051కి, నా 68వ ఏటికి వెళ్లిపోయింది.

ఎందుకంటే అసలు 38 లక్షల 95 వేలు ఉన్నప్పుడు 9.25 శాతానికి ఒక్క నెల వడ్డీయే 30 వేలు. మా పాత ఈఎంఐ 30,415. అంటే నెలంతా కష్టపడి కడితే అసలులోకి వెళ్లేది 400 రూపాయలు. అలా అయితే ఎన్నటికీ తీరదు కాబట్టి ఈఎంఐ కాస్త పెంచి, గడువు ఎంతవరకు సాగుతుందో అంతవరకు సాగదీశారు. గడువు మారకుండా 2041లోనే తీర్చాలంటే ఈఎంఐ 36,700 దాకా ఉండాలి. 32,366కీ దానికీ తేడా నెలకు 4,300. ఆ 4,300 కట్టకుండా పదేళ్లు సాగదీసుకుంటే మొత్తం మీద మేం అదనంగా కట్టేది సుమారు 29 లక్షలు. 2051 నాటి రూపాయికి ఇప్పటి విలువ ఉండదని నాకూ తెలుసు. కానీ అప్పటికి నాకు జీతమూ ఉండదు.

లెక్క విని నాన్న ఒక్కటే అడిగారు. "నూటికి ఇరవై ఒక్క పైసలు పెరిగితే పదేళ్లా?"

మర్నాడే బ్రాంచికి వెళ్లాను. అందరికీ అంతే సార్, సిస్టమే చేస్తుంది అన్నారు. ఈఎంఐ పెంచండి, గడువు తగ్గించండి అని అడిగితే ముందు ఫారం లేదన్నారు, తర్వాత మా ఆవిడ కూడా రావాలన్నారు, మూడోసారి వెళ్తే పని అయ్యింది. నెలకు 4,300 మేం సర్దుకోగలిగాం. సర్దుకోలేని ఇల్లూ ఉంటుంది, వాళ్లకి గడువు పెంచడమే దారి కావచ్చు. కానీ ఏది కావాలో ఎంచుకునేది కట్టేవాడు కదా, నన్నెవరూ అడగలేదు. మా అపార్ట్‌మెంట్‌లోనే ఇంకో ఇద్దరివి చూసిపెట్టాను. ఒకాయనకి చివరి వాయిదా రిటైరైన తొమ్మిదేళ్లకి పడుతోంది. ఆయన చాలాసేపు ఆ కాగితం వైపే చూస్తూ ఉండిపోయారు, పిల్లలకి చెప్పకండి అన్నారు.

అదే ఏడాది ఆగస్టులో రిజర్వ్ బ్యాంక్ ఆదేశాలిచ్చింది. వడ్డీ మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూనా అన్నది కట్టేవాళ్లకే వదిలేయాలని, మూడు నెలలకోసారి ఎంత అసలు, ఎంత వడ్డీ వసూలైంది, ఎన్ని వాయిదాలున్నాయి అని తేలిగ్గా అర్థమయ్యేలా స్టేట్‌మెంటు ఇవ్వాలని. మంచి ఆదేశాలు, మాకు కొద్ది నెలలు ఆలస్యంగా వచ్చాయంతే. 2024 అక్టోబరు నుంచి కొత్త లోన్లకి కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ కూడా ఇవ్వాలి. అందులో అన్ని ఖర్చులూ కలిపిన వడ్డీ శాతం, వాయిదాల పట్టికా ఉండాలి, అది తీసుకునేవాళ్లకి అర్థమయ్యే భాషలో ఉండాలి, వివరించి చెప్పాలి.

అర్థమయ్యే భాషలో. మొన్నామధ్య విజయవాడలో మా చెల్లెలూ బావగారూ ఇంటి లోన్ తీసుకున్నారు. బావగారికి మొబైల్ షాపు, ఇంగ్లీషు అంతగా చదవరు. ఇచ్చిన స్టేట్‌మెంట్ ఇంగ్లీషులో ఉంది. తెలుగులో ఇమ్మంటే ఫార్మాట్ లేదన్నారు. దాని చివర్లో "నాకు అర్థమయ్యే భాషలో వివరించారు" అన్న ఇంగ్లీషు వాక్యం కింద ఆయన సంతకం పెట్టి వచ్చారు.

కాబట్టి నేను అడిగేది కొత్త చట్టం కాదు. ప్రభుత్వ రంగ బ్యాంకులు మీ శాఖ కిందే ఉన్నాయి, ముందు వాటితో మొదలుపెట్టించండి. మూడు నెలలకోసారి ఒక్క పేజీ, తెలుగువాళ్లకి తెలుగులో, వాట్సాప్‌కి వచ్చినా చాలు. ఇప్పటిదాకా కట్టింది ఇంత, అందులో వడ్డీకి పోయింది ఇంత, అసలు తీరింది ఇంత, చివరి వాయిదా ఫలానా నెల, అప్పటికి మీ వయసు ఇంత, అప్పటిదాకా ఇంకా కట్టబోయే మొత్తం ఇంత. అంతే. శాతాల కన్నా ఈ రూపాయల లెక్కే మా ఇళ్లలో అర్థమవుతుంది. లోన్ ఇచ్చే రోజు కూడా ఇదే పేజీ మొదట పెట్టి, ఇప్పటి వడ్డీకి మొత్తం ఎంతవుతుందో, రెండున్నర శాతం పెరిగితే ఎంతవుతుందో పక్కపక్కనే రాయించండి. 40 లక్షలకి 20 ఏళ్లలో 6.75 అయితే 73 లక్షలు, 9.25 అయితే దాదాపు 88 లక్షలు. ఇవి చూశాక కూడా మేం ఇల్లు కొనేవాళ్లమే, బహుశా 40 కాకుండా 34 తీసుకునేవాళ్లం, రెండేళ్లు ఆగేవాళ్లం. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కడితే 8.5 శాతం వడ్డీకి తీసుకున్న ఇరవై ఏళ్ల లోన్ మూడేళ్లకు పైగా ముందే తీరుతుందని కూడా ఆ పేజీలోనే ఉంటే, మారే వడ్డీ ఇంటి లోన్‌ని ముందే తీర్చినా వ్యక్తుల దగ్గర జరిమానా తీసుకోకూడదని ఉంటే, బోనస్ వచ్చినప్పుడు ఏం చేయాలో జనానికి తెలుస్తుంది. గడువు పెంచే ముందు సంతకం, కనీసం ఓటీపీ, తప్పనిసరి చేయించండి.

ఇంకొకటి. 2025లో రెపో నాలుగుసార్లు తగ్గి 5.25కి వచ్చింది, నా వడ్డీ 8కి దిగింది. అదే బ్యాంకు గోడ మీద కొత్తవాళ్లకి ఏడున్నర లోపే అని బోర్డు. నేను నాలుగేళ్లు ఒక్క వాయిదా తప్పలేదు. అడిగితే, ఫారం నింపి కొన్ని వేలు ఫీజు, దాని మీద జీఎస్టీ కడితే తగ్గిస్తామన్నారు, కట్టాను, తగ్గించారు. ఆ ఫారం ఉందని తెలియనివాళ్లు పాత రేటే కడుతుంటారు. సరిగ్గా కట్టే పాతవాళ్లకి అడగకుండానే కొత్త రేటు ఇవ్వాలి.

ఆదాయపు పన్నులో సొంతింటి వడ్డీకి మినహాయింపు 2 లక్షలు, 2014 నుంచి అంతే ఉంది, కొత్త పన్ను విధానంలో అదీ లేదు. ట్యాక్స్ కలిసొస్తుంది కదా అన్న మాట ఇంకా ఇళ్లు అమ్మేచోట వినిపిస్తూనే ఉంది. దాని గురించి మీకు చెప్పేవాళ్లు చాలామంది ఉంటారు, నేను పొడిగించను.

ఇప్పుడు మా ఇంట్లో ఒక పొడుగు నోట్‌బుక్ ఉంది. ప్రతి నెలా 5న ఈఎంఐ పోయాక వడ్డీ ఇంత, అసలు ఇంత, మిగిలింది ఇంత అని రాస్తాను, ఆ సాయంత్రం నాన్న ఫోన్ చేసి చెల్లు వేశావా అని అడుగుతారు. మా చెల్లెలి లోన్ మొదటి స్టేట్‌మెంటు వచ్చే నెల రావాలి. తెలుగులో వస్తే బావగారే చదువుకుంటారు. ఇంగ్లీషులో వస్తే నాకు పంపుతారు, నేను ఫోన్‌లో చదివి చెబుతాను.

ఇట్లు,
నిజాంపేట నుంచి ఒక ఇంటి లోన్ కట్టేవాడు