నందంపూడి పక్క ఊరి నుంచి సాంస్కృతిక శాఖ మంత్రి గారికి

గౌరవనీయులైన రాష్ట్ర సాంస్కృతిక శాఖ మంత్రి గారికి,

నమస్కారం.

నేను కోనసీమలో, అంబాజీపేట దగ్గర ఒక ఊళ్ళో ఉంటాను. ముప్పై ఏళ్ళు హైస్కూళ్ళలో హిందీ పండిట్‌గా పనిచేసి రిటైరయ్యాను. హిందీ కథలు తెలుగులోకి, మన కథలు హిందీలోకి అనువదిస్తుంటాను. జీతం వస్తున్నన్నాళ్ళూ ఈ పని గురించి ఎవర్నీ ఏమీ అడగాలనిపించలేదు. ఇప్పుడు అడుగుతున్నాను.

మా ఇంటి దగ్గర స్కూటీ తీస్తే పావుగంటలో నందంపూడి. కొబ్బరితోటలు, పంట బోదెలు, గుడి, బడి. చూడ్డానికి మా ఊరికీ దానికీ ఏమీ తేడా ఉండదు. తెలుగు ఎం.ఏ. చదివినవాళ్ళకి మాత్రం ఆ పేరు వినగానే శాసనం గుర్తొస్తుంది. 11వ శతాబ్దంలో రాజమహేంద్రవరం నుంచి ఏలిన రాజరాజనరేంద్రుడు ఆ ఊరిని నారాయణభట్టుకి అగ్రహారంగా ఇచ్చాడు. శాసనం రచించింది నన్నయ్య. సంస్కృతం, కన్నడం, ప్రాకృతం, పైశాచి, తెలుగు, ఇన్ని భాషల్లో కవిత్వం చెప్పగలవాడని అందులో నారాయణభట్టుని పొగిడారు. యుద్ధంలో అర్జునుడికి కృష్ణుడు తోడున్నట్టు, భారతం తెలుగు చెయ్యడంలో తనకి ఆయన తోడున్నాడని నన్నయ్యే భారతం మొదట్లో చెప్పుకున్నాడు. ఊరు ఇచ్చింది భారతం పనికే అని శాసనంలో లేదు. కానీ ఇచ్చినవాడు అనువాదం చేయించినవాడు, పుచ్చుకున్నవాడు ఆ అనువాదానికి సాయం పట్టినవాడు. తెలుగులో మనకి దొరికిన మొదటి కావ్యమే ఒక అనువాదం, అదీ ప్రభుత్వం అడిగి చేయించుకున్నది, మన గోదావరి ఒడ్డునే.

కిందటిసారి నేను చేసిన అనువాదానికి నాకు ముట్టింది పాతిక కాపీలు, ఒక శాలువా.

ఊళ్ళు రాసివ్వమని అడగడం లేదు లెండి, కంగారు పడకండి. ఆ రోజుల్లో కూడా అక్కడి మడి దున్నుకునేవాళ్ళని ఎవరూ అడిగి ఉండరు. నేను అడిగేది కూలి. ఫలానా పనికి ఫలానా కూలి అని ముందే చెప్పే పద్ధతి.

శాలువా అన్నాను కదా. మా ఇంట్లో మొత్తం ఇరవై మూడు ఉన్నాయి. కోనసీమలో చలెక్కడుంది కప్పుకోడానికి? రెండు మా కోడలు కుట్టు మిషను మీద కప్పింది, ఒకటి ఇన్వర్టరు మీద ఉంది. మిగతావి ట్రంకుపెట్టెలో కలరా ఉండల మధ్య ఉన్నాయి. ఉగాదికో, గిడుగు వారి జయంతి ఆగస్టు 29 తెలుగు భాషా దినోత్సవానికో కబురొస్తుంది. వేదిక, పూలదండలు, జ్యోతి ప్రజ్వలన, మెమెంటో, భోజనాలు. ఆ ఖర్చంతా సాహిత్యం పద్దు కిందే రాస్తారు. మధ్యాహ్నం రెండింటికి షామియానా విప్పేస్తారు. ఆ రోజు అక్కడ ఒక్క పుస్తకం కూడా అమ్ముడుపోదు, ఎందుకంటే పుస్తకాల బల్ల వెయ్యాలన్న ఆలోచనే ఎవరికీ రాదు.

అనువాదమంటే ఏం పనో, ఎంత పనో ఒక్క మాటతో చెప్తాను. మా దగ్గర లంక అంటే నది మధ్య మేట వేసిన భూమి. అరటి, కంద, కూరగాయలు పండిస్తారు, వరదొస్తే పడవల మీద బయటికొస్తారు. ఒక కథలో నాయకుడు లంకలో పుట్టాడు. హిందీలో ‘లంకా’ అని రాస్తే చదివేవాడికి రావణాసురుడు కనిపిస్తాడు. ‘ద్వీప్’ అంటే చుట్టూ సముద్రం వచ్చేస్తుంది. మూడు రోజులు కొట్టుకున్నాను. చివరికి బీహార్ నుంచి వచ్చి ఇక్కడ పనిచేసుకుంటున్న ఒకాయన్ని కాఫీ కొట్టు దగ్గర ఆపి అడిగితే, “మా గంగ ఒడ్డున కూడా ఉంటాయి మేడమ్, దియారా అంటాం” అన్నాడు. గంగ దియారా, గోదావరి లంక. ఆ రోజు అన్నం తినబుద్ధి కాలేదు సంతోషానికి. అటు నుంచి ఇటు వచ్చేటప్పుడు ఇంకో తంటా. ‘పగ్‌డండీ’ని కాలిబాట అంటే నిఘంటువు వాసనేస్తుంది. పుంత అంటే అందులో ఎడ్లబండి తిరుగుతుంది. చేల గట్టు అంటే అది వేరే. రెండొందల పేజీల పుస్తకంలో ఇలాంటివి ఎన్నొస్తాయో మీరే ఊహించండి.

పశ్చిమగోదావరి తిరుపతిపురంలో పుట్టిన పాలగుమ్మి పద్మరాజు గారి కథకి 1952లో న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ ప్రపంచ కథల పోటీలో రెండో బహుమతి వచ్చింది. ఇంగ్లీషులో వెళ్ళింది కాబట్టి వచ్చింది. డెబ్బై ఏళ్ళు దాటినా సభల్లో ఇంకా ఆ సంగతే చెప్పుకుంటున్నాం. ఈ మధ్యలో మనవాళ్ళు మంచి కథలు రాయలేదనా? రాశారు. మోసుకెళ్ళేవాళ్ళు లేరు. 2025లో మన పక్క భాష కన్నడానికి అంతర్జాతీయ బుకర్ బహుమతి వచ్చింది. 50,000 పౌండ్లలో సగం రచయిత్రి బాను ముస్తాక్‌కి, సగం అనువాదకురాలు దీపా భాస్తికి ఇచ్చారు. సరిగ్గా సగం. ఆ వార్త చదివి పేపరు మడిచి బీరువాలో దాచుకున్నాను.

ఇక డబ్బు సంగతి. మీరు కొత్తగా ఏమీ తేనక్కర్లేదు, మేమే కడుతున్నాం. మా పంచాయతీ ఇచ్చే ఇంటి పన్ను రసీదులో నీటి పన్ను, వీధి దీపాల పన్ను పక్కన లైబ్రరీ సెస్సు అని ఒక గడి ఉంటుంది. 1960 నాటి గ్రంథాలయాల చట్టం పెట్టిన సెస్సు అది, రూపాయికి 8 పైసలు. ఇంటి పన్ను 1,200 అయితే 96 రూపాయలు. రాష్ట్రంలో ఇల్లున్న ప్రతివాళ్ళూ, జీవితంలో పుస్తకం ముట్టనివాళ్ళతో సహా, చదువుకోవడానికని కడుతున్న డబ్బు ఇది. వసూలు చేసిన స్థానిక సంస్థలు దాన్ని గ్రంథాలయ సంస్థలకి సరిగా జమ చెయ్యడం లేదన్న ఫిర్యాదు నా ఉద్యోగంలో మొదటి రోజుల్నించీ వింటున్నాను.

ఆ 96 రూపాయలు ఏమవుతున్నాయో చూద్దామని మా పక్కూరి శాఖా గ్రంథాలయానికి వెళ్ళాను. లైబ్రేరియన్ మంచి కుర్రాడు. రెండు ఊళ్ళ లైబ్రరీలకి అతనొక్కడే. దినపత్రికలున్నాయి, గ్రూప్స్‌కి, డీఎస్సీకి చదివే పిల్లలున్నారు, పోటీ పరీక్షల పుస్తకాలున్నాయి. అవి ఉండాల్సిందే, నా పాత విద్యార్థులు ముగ్గురు అక్కడ చదివే ఉద్యోగాలు తెచ్చుకున్నారు. కథలు, నవలల బీరువా తాళం కాసేపు వెతికాక దొరికింది. ఒక నవల తీసి వెనక అట్టకి అంటించిన తేదీల కాగితం చూశాను. ఆఖరి ముద్ర 2009లో పడింది. ఆ బీరువాలో ఉన్నవాటిలో నలభై ఏళ్ళ లోపు వయసున్న రచయితది ఒక్కటి కూడా లేదు. పాఠకులు రావడం లేదంటారు. పదిహేనేళ్ళుగా ఒకే కూర వండితే పెళ్ళివారైనా రారు.

గ్రంథాలయోద్యమ పితామహుడని మనం దండ వేసే అయ్యంకి వెంకటరమణయ్య గారు ఇక్కడి కొంకుదురులోనే పుట్టారు. రాజమండ్రి గౌతమీ గ్రంథాలయం జనం పుస్తకాలు పోగేసి, చందాలు వేసుకుని పెంచినది. ఇలాంటి నేల మీద ఈ బీరువా చూడ్డానికి నాకే సిగ్గేసింది.

ప్రభుత్వం తలుచుకుంటే చెయ్యలేదా అంటే, చేసింది. 1957లో పెట్టిన ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ ప్రాచీన కావ్యాల్ని మంచి పీఠికలతో చవగ్గా అచ్చువేసింది. మా నాన్నగారు కొన్నవి ఇప్పటికీ నా దగ్గరున్నాయి, అట్టలు ఊడినా దారం కుట్టు ఊడలేదు. 1983లో అకాడమీని రద్దు చేశారు. తర్వాత 1985లో తెలుగు విశ్వవిద్యాలయం వచ్చింది, అందులో కలిపామన్నారు. రద్దుకి కారణాలుండొచ్చు. అప్పట్లో పైరవీలు లేవని నేను అనను. చెరువులో పాచి పట్టిందని చెరువే పూడ్చేస్తారా?

పిఠాపురం రాజావారి పోషణలో మొదలైన సూర్యరాయాంధ్ర నిఘంటువు మొదటి సంపుటం 1936లో, ఎనిమిదోది 1972లో వచ్చాయి. మధ్యలో జమీందారీలు పోయాయి, దేశానికి స్వాతంత్ర్యం వచ్చింది, రాష్ట్రం రెండుసార్లు పేరు మార్చుకుంది. అయినా పని ఆగలేదు. పుస్తకాల పని అలాంటిది, ఒక ప్రభుత్వం కాలంలో తేలదు. అందుకే మీ తర్వాత వచ్చేవాళ్ళు కూడా ఆపలేని విధంగా ఏదైనా చెయ్యమంటున్నాను.

మా డెల్టాలో దాళ్వాకి, అంటే రెండో పంటకి, నీళ్ళు వంతుల్లో వదులుతారు. ఏ కాలువకి ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా అని ముందే చెప్తారు. శివారు రైతుకి అందకపోతే లాకుల దగ్గరికెళ్ళి గొడవ పెట్టుకోడానికి ఆ తేదీలే ఆధారం. పుస్తకాల కొనుగోలుకి అలాంటి వంతు లేదు. ఒక ఏడు కొంటారు, నాలుగేళ్ళు కొనరు. కొన్నప్పుడు ఎవరివి కొన్నారో, ఎందుకు కొన్నారో తెలీదు. కాలువ మొదట్లో ఉన్నవాళ్ళ చేలు తడుస్తాయి. అమలాపురంలో, భీమవరంలో, తునిలో కూర్చుని రాసుకునేవాళ్ళం శివారు ఆయకట్టు.

కాబట్టి వంతు పెట్టండి. ఏటా ఒకే నెలలో, ఆ ఏడు వచ్చిన తెలుగు పుస్తకాల్లోంచి వంద ఎంచి, ఒక్కోటీ 300 కాపీలు గ్రంథాలయాలకి కొనండి. సగటున 200 రూపాయలు వేసుకుంటే పుస్తకానికి 60 వేలు, వందకి 60 లక్షలు. అనువాదానికి పేజీకి 300 ఇవ్వండి, సగం ముందు, సగం పని అప్పజెప్పాక. ఏటా రెండొందల పేజీల పుస్తకాలు ఇరవై చేయిస్తే 12 లక్షలు. మొత్తం 72 లక్షలు. 3 లక్షల కోట్లు దాటిన బడ్జెట్‌లో ఇది ఎక్కడో లెక్కల మాస్టారుని అడిగితే నవ్వాడు. మీరు మీ వాటా వేస్తే గ్రంథాలయాల పుస్తకాలకి కేంద్ర ప్రభుత్వపు రాజా రామమోహన్ రాయ్ లైబ్రరీ ఫౌండేషన్ నుంచి కూడా కొంత కలుస్తుంది. 1972 నుంచీ ఆ సంస్థ ఉన్నది అందుకే. గ్రంథాలయాలు మీ శాఖ కింద లేవు, విద్యాశాఖ కింద ఉన్నాయని నాకు తెలుసు. ఈ ఉత్తరం ఆ మంత్రి గారికి కూడా ఒకసారి చూపించండి. మీరిద్దరూ మాట్లాడుకోవడానికి మేము మధ్యవర్తిత్వం చెయ్యలేం.

ఇంకొకటి. మద్రాసు ప్రభుత్వం 1949లోనే తమిళ కవి సుబ్రహ్మణ్య భారతి రచనల హక్కులు తీసుకుని, కొన్నేళ్ళకి జనానికి వదిలేసింది. తమిళనాడులో తర్వాత చాలామంది రచయితలకి అలాగే చేశారు. కుటుంబానికి డబ్బు అందుతుంది, పుస్తకం ఎవరైనా వేసుకోవచ్చు. మన దగ్గర మంచి రచయిత పోతే పిల్లలు అమెరికాలో ఉంటారు, హక్కులు ఎవరివో తెలీదు, పుస్తకం దొరకదు. పొలమూరులో పుట్టిన శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రి గారు 1961లో పోయారు, చట్టం ప్రకారం అరవై ఏళ్ళు నిండి 2022 నుంచి ఆయన రచనలు అందరివీ అయ్యాయి. కనీసం అలాంటివైనా తప్పుల్లేకుండా దిద్దించి ఉచితంగా నెట్‌లో పెట్టించొచ్చు కదా.

రోడ్లకే డబ్బుల్లేవు, పుస్తకాలకా అంటారు. మా ఊరి రోడ్డు మీద నేనూ స్కూటీ నడుపుతాను, నడుముకి బెల్టు పెట్టుకుని. రోడ్డు అడిగినవాళ్ళని నోరుమూయించడానికి పుస్తకాన్నీ, పుస్తకం అడిగినవాళ్ళని నోరుమూయించడానికి రోడ్డునీ వాడకండి, అంతే.

నాకు నిజంగా భయమున్నది వేరే చోట. సర్కారు డబ్బు తింటే సర్కారు పాట పాడాలి. రాజుల కాలంలో కావ్యం మొదట కృతిభర్త, అంటే దాన్ని అంకితం పుచ్చుకున్నవాడి పొగడ్త లేనిదే కథ మొదలయ్యేది కాదు. మావాళ్ళూ తక్కువ తినలేదు. అవార్డు కోసం ఎవరి ఇంటికి ఎవరు పూతరేకుల డబ్బా పట్టుకెళ్ళారో నాకు తెలుసు, పేర్లు రాయను. అందుకని ఎంపిక చేసేవాళ్ళ పేర్లు ముందే బయటపెట్టండి. ఏటా మార్చండి. కొన్న పుస్తకాల జాబితా, తిరస్కరించినవాటికి రెండు ముక్కల కారణం అందరికీ కనపడేలా పెట్టండి. మిమ్మల్ని తిట్టిన పుస్తకం కూడా ఆ జాబితాలో ఉండొచ్చు, ఉండనివ్వండి. అట్టల మీద ఎవరి ఫొటోలూ వద్దు.

నా సొంత కథల పుస్తకం 500 కాపీలు నా పీఎఫ్ డబ్బుతో వేసుకున్నాను. రెండొందలు పంచాను, మిగతావి అటక మీదున్నాయి. మొన్న వానలకి పెంకుల్లోంచి కారి ఒక కట్ట తడిసింది. విప్పి నడవలో ఆరబెడితే మా మనవడు “నానమ్మా, ఇవి అప్పడాలా?” అన్నాడు. ఆ కట్ట పనికిరాదు. మిగతావి బాగానే ఉన్నాయి. కొనమని కాదు, ఊరికే చెప్తున్నాను.

దీనితో పాటు ఈ ఏడాది ఇంటి పన్ను రసీదు జిరాక్సు జత చేస్తున్నాను, సెస్సు గడి దగ్గర ఎర్ర సిరాతో సున్నా చుట్టాను. మీరు ఎప్పుడైనా ఇటు వస్తే మా పక్కూరి లైబ్రరీకి తీసుకెళ్తాను. సాయంత్రం నాలుగు దాటాక రండి. అప్పటిదాకా లైబ్రేరియన్ ఇంకో ఊళ్ళో ఉంటాడు, బీరువా తాళం అతని దగ్గరే ఉంటుంది.

ఇట్లు,
ఒక రిటైర్డ్ హిందీ పండిట్,
అంబాజీపేట మండలం, కోనసీమ.