ముప్పై ఎనిమిదో అంతస్తుకి అడ్వాన్స్ కట్టేముందు

నార్సింగి,
ఆదివారం మధ్యాహ్నం

ఒరేయ్ శీనూ,

నీ మెసేజ్ చదివాను. కోకాపేటలో ముప్పై ఎనిమిదో అంతస్తు, తూర్పు ద్వారం, పడమటి బాల్కనీలోంచి గండిపేట చెరువు, నెలాఖరులోపు అడ్వాన్స్ కట్టకపోతే రేటు పెరుగుతుందట. "నువ్వెలాగూ టవర్లోనే ఉంటున్నావు కదా, కొనాలా వద్దా ఒక్క ముక్కలో చెప్పు" అన్నావు. ఒక్క ముక్కలో తేలే వ్యవహారం కాదురా. ఫోన్లో మాట్లాడదామంటే మధ్యలో అడ్డు తగిలి మీ బావమరిది ఏమన్నాడో చెప్పడం మొదలెడతావు. అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నా. చెల్లెమ్మకి కూడా చదివి వినిపించు, డబ్బు లెక్కల్లో నీకంటే తనే నయం.

ముందు నువ్వు వినాలనుకుంటున్నవి చెప్పేస్తా. గాలి బాగుంటుంది. దోమల బెడద బాగా తక్కువ. ఆడపిల్లలు రాత్రి పదింటికి కింద షటిల్ ఆడుకుంటున్నా మనకు టెన్షన్ ఉండదు. వానొచ్చే ముందు మబ్బు గండిపేట మీదుగా కదిలి వస్తుంటే చూస్తూ నిలబడిపోతాం, చేతిలో కాఫీ చల్లారిపోతుంది. ఆ ఫొటో చూసి నువ్వు పడిపోవడంలో తప్పులేదు. కాకపోతే బ్రోచర్లో వేయని సంగతి ఒకటుంది. చెరువు కనిపించే వైపే పడమటి ఎండ కూడా. ఏప్రిల్, మే నెలల్లో రెండు దాటాక ఆ హాల్లో కర్టెన్లు దించి ఏసీ వేసుకోవాల్సిందే. మైవాన్ గోడలు కదా, ఇటుక ఉండదు, అంతా కాంక్రీటు. పగలు పీల్చిన వేడిని రాత్రి దాకా వదలవు. మేకు కొట్టాలన్నా సుత్తి పనికిరాదు, డ్రిల్లు కావాలి. ఆ డ్రిల్లు మోత నాలుగంతస్తుల పైకీ నాలుగంతస్తుల కిందికీ వినిపిస్తుంది. మా ఆవిడ వెంకటేశ్వరస్వామి పటం కోసం పెట్టించిన ఒక్క మేకు మీద అపార్ట్‌మెంట్ గ్రూపులో పొద్దుపోయేదాకా చర్చ నడిచింది.

"ఊరి చివర కూడా ఇంతెత్తు ఎందుకు కడుతున్నారు, భూమి లేకనా?" అన్నావు. భూమి లేక కాదు, భూమి ధర అలా ఉండి. 2023 ఆగస్టులో హెచ్ఎండీఏ వాళ్ళు, అదే హైదరాబాద్ నగరాభివృద్ధి సంస్థ, కోకాపేట నియోపొలిస్ లేఅవుట్‌లో వేలం వేస్తే ఎకరం ఏకంగా 100 కోట్ల 75 లక్షలు పలికింది. ఎకరానికి 4,840 గజాలు, అంటే గజం 2 లక్షల 8 వేలు. అంత పోసి కొన్నవాడు ఐదంతస్తులు వేసి ఊరుకుంటాడా? పైగా స్థలానికి ఇన్ని రెట్లే కట్టాలన్న ఎఫ్ఎస్ఐ హద్దు ముంబైలో, చెన్నైలో ఉంది కానీ, హైదరాబాద్‌లో 2006 నాటి జీవో 86తోనే ఎత్తేశారు. 2012లో వచ్చిన జీవో 168 కూడా అదే బాటలో నడిచింది. ఎదురుగా రోడ్డు ఎంత వెడల్పుంది, చుట్టూ ఖాళీ ఎంత వదిలావు, ఫైర్ వాళ్ళూ ఎయిర్‌పోర్టు వాళ్ళూ ఒప్పుకున్నారా, ఇంతే. ఇవి కుదిరితే ఎంత పైకైనా పోవచ్చు. పోతున్నారు. వాళ్ళు పైకి లేపుతున్న జనమంతా పొద్దున తొమ్మిదింటికి ఏ రోడ్డు మీదకి దిగుతారన్నది మాత్రం ఎవరి లెక్కలోనూ లేదు.

ఇంకో తమాషా చూడు. అమీర్‌పేటలో మనం అద్దెకున్న పై గది గుర్తుందా? స్లాబు వేడికి రాత్రి పదకొండు దాకా పరుపు కాలిపోయేది, అందుకే కదా మనకి అంత తక్కువకి ఇచ్చాడు ఆ మహానుభావుడు. ఇప్పుడు పైకి పోయేకొద్దీ అడుగుకి ఇంత అని ఫ్లోర్ రైజ్ వేస్తున్నారు. దీన్ని తిరగేసింది లిఫ్టే. 1850ల్లో న్యూయార్క్ ఎగ్జిబిషన్‌లో ఎలీషా ఓటిస్ అనే ఆయన లిఫ్టు పలక మీద నిలబడి, అందరూ చూస్తుండగా పైనున్న తాడు తెగ్గొట్టించుకున్నాడు. పలక కాస్త జారి అక్కడే ఆగిపోయింది. అంతకుముందు ఆ పట్నాల్లో పై అంతస్తులు పనివాళ్ళకీ డబ్బు లేనివాళ్ళకీ. ఆ తాడు తెగాక డబ్బున్నవాళ్ళు పైకెక్కారు.

ఇక అసలు విషయం. ఫ్లాట్ కొంటున్నానని నువ్వనుకుంటున్నావు. నాకు తెలిసినంతలో నువ్వు కొనేది రాత్రింబగళ్ళు ఆగకుండా తిరగాల్సిన ఒక పెద్ద యంత్రంలో వాటా. ఊళ్ళో మీ ఇంట్లో మోటారు కాలిపోతే బావిలో చేద వేస్తావు, కరెంటు పోతే వాకిట్లో మంచం వేసుకుంటావు. ముప్పై ఎనిమిదో అంతస్తులో ఈ రెండూ కుదరవు. లిఫ్టు, పంపు, జనరేటర్, మురుగునీరు శుద్ధి చేసే ఎస్‌టీపీ, ఫైర్ పంపులు, వీటిలో ఏది ఆగినా ఇల్లు ఇల్లుగా ఉండదు. నీళ్ళ సంగతే తీసుకో. పది మీటర్ల ఎత్తుకి దాదాపు ఒక కేజీ ప్రెజర్ లెక్క. వంద మీటర్ల పైనున్న ట్యాంకులోంచి నీళ్ళు తిన్నగా కిందికి వదిలితే కింది అంతస్తుల కుళాయిలు తట్టుకోలేవు. అందుకే మధ్యలో కొన్ని అంతస్తులకొకటి ప్రెజర్ తగ్గించే వాల్వు పెడతారు. మా టవర్లో అలాంటి వాల్వు ఒకటి పాడైన రోజు, మూడో అంతస్తు ఆయన బాత్‌రూమ్‌లో హెల్త్ ఫాసెట్ గొట్టం ఊడిపోయి పాములా గిలగిలా కొట్టుకుంటూ హాలు దాకా తడిపేసింది. ప్లంబర్ వచ్చి చూస్తే వాల్వు ఇసుకతో పూడుకుపోయి ఉంది. సర్వీసింగ్ చేయించాల్సిన వస్తువని అప్పటిదాకా కమిటీలో ఎవరికీ తెలియదు. కమిటీలో ఉన్నవాళ్ళు ఎవరనుకున్నావు? ఒక చార్టర్డ్ అకౌంటెంటు, ఇద్దరు సాఫ్ట్‌వేర్ వాళ్ళు, ఒక రిటైర్డ్ లెక్చరర్. పాపం ఆదివారాలు ధారపోసి చేస్తారు, ఆ పైన అందరిచేతా తిట్లు తింటారు.

ఈ యంత్రాన్ని నడిపే మెయింటెనెన్స్ ఖర్చు ముందే లెక్క వేసుకో. రెండువేల అడుగుల ఫ్లాట్‌కి అడుక్కి నాలుగున్నర చొప్పున వేసుకున్నా నెలకి 9,000. నెలకి 7,500 దాటితే 18 శాతం జీఎస్టీ కూడా పడుతుంది, మొత్తం 10,620. ఈఎంఐ ఏదో ఒకరోజు తీరుతుంది, ఇది తీరదు. "ఎందుకింత వసూలు చేస్తున్నారు" అని అరిచేవాళ్ళతో నేనూ మొదట్లో గొంతు కలిపేవాణ్ణి. ఇప్పుడు తక్కువ వసూలు చేసేచోటే నాకు భయం.

ఎందుకంటే అమెరికాలో సెయింట్ లూయిస్ అనే ఊళ్ళో జరిగింది చదివాను. ప్రూయిట్ ఐగో అని 1950ల్లో ప్రభుత్వం 33 భవనాలు కట్టింది, ఒక్కోటి 11 అంతస్తులు. గీసింది మినోరు యమసాకి, తర్వాత న్యూయార్క్ వరల్డ్ ట్రేడ్ సెంటర్ గీసినాయనే. మెయింటెనెన్స్ ఖర్చు అద్దెల్లోంచే రావాలని పెట్టారు. జనం తగ్గేసరికి అద్దెలు తగ్గాయి, అద్దెలు తగ్గేసరికి లిఫ్టులు ఆగాయి, పైపులు పగిలాయి, అది చూసి మిగిలినవాళ్ళూ సర్దుకున్నారు. 1972లో పడగొట్టడం మొదలుపెట్టి కొన్నేళ్ళలో మొత్తం నేలమట్టం చేశారు. ఇటు సింగపూర్ చూడు. 1960లో పెట్టిన హెచ్‌డీబీ అనే సర్కారీ ఇళ్ళ సంస్థ కట్టిన టవర్లలోనే ఇప్పుడు ఆ దేశంలో ప్రతి పదిమందిలో దాదాపు ఎనిమిది మంది ఉంటున్నారు. అక్కడ పాత బ్లాకుల్లో లిఫ్టు అన్ని అంతస్తుల్లోనూ ఆగేది కాదు. ముసలివాళ్ళు ఎక్కువయ్యారని 2001 నుంచి ప్రతి అంతస్తులో ఆగేలా మార్చుకుంటూ వచ్చారు. టౌన్ కౌన్సిల్ నెలనెలా ఛార్జీ తీసుకుంటుంది, అందులో కొంత పెద్ద రిపేర్లకి విడిగా దాచి తీరాలి. రెండు చోట్లా కాంక్రీటే, రెండు చోట్లా సర్కారే కట్టింది. ఆ తర్వాత చూసుకోవడంలోనే తేడా.

పిన్ని ఉండగలదా అని అడిగావు. మా అమ్మ సంగతి చెప్తా, నువ్వే ఊహించుకో. వచ్చిన కొత్తల్లో బాల్కనీ వైపే పోయేది కాదు, కళ్ళు తిరుగుతాయని. వేసవిలో వడియాలు పెడతానంది. టెర్రస్ తాళం సెక్యూరిటీ దగ్గర, అక్కడ సోలార్ ప్యానెళ్ళు, ఎవర్నీ పోనివ్వరు. బాల్కనీ రెయిలింగ్ మీద గుడ్డ కూడా ఆరేయకూడదని రూలు. ఆవిడ ఊరుకుంటుందా? కింద యాంఫీథియేటర్ మెట్ల మీద పాత పంచె పరిచి గుమ్మడి వడియాలు వరసగా పెట్టేసి కాపలా కూర్చుంది. ఫెసిలిటీ మేనేజర్ వచ్చి, "అమ్మగారూ, ఇది కామన్ ఏరియా" అన్నాడు. "కామనంటే అందరిదనే కదా బాబూ" అంది. పక్క టవర్లలోంచి కడప ఆవిడ ఒకరు, వరంగల్ ఆవిడ ఒకరు వచ్చి చేరారు, వాళ్ళే ఇప్పుడు సాయంత్రం బెంచీ బ్యాచ్. పిన్నికి అలాంటి బెంచీ దొరికితే ఉంటుంది. దొరక్కపోతే వారానికే బస్సెక్కించమంటుంది. ఇంటి ప్లాన్‌లో ఎన్ని బాత్‌రూములున్నాయో చూసుకున్నట్టే కింద కూర్చునే చోటు, నీడ ఉన్నాయో లేదో చూడు.

ఇది ఎవరూ అడగరు కానీ చెప్పాలి. మా టవర్లో పందొమ్మిదో అంతస్తులో ఒక పెద్దాయన పోయారు. ఫ్రీజర్ బాక్స్ తెచ్చారు, మెయిన్ లిఫ్టులో పట్టలేదు. సర్వీసు లిఫ్టులో పైకి తీసుకెళ్ళారు. ఊరి నుంచి బంధువులు వస్తున్నారు, ఫ్లాట్‌లో చోటు చాలదు, కిందికి తేవాలి. కిందంటే ఎక్కడ? లాబీ వద్దన్నారు, క్లబ్‌హౌస్‌లో పుట్టినరోజు బుకింగ్ ఉందన్నారు. చివరికి బేస్‌మెంట్‌లో విజిటర్ పార్కింగ్ దగ్గర రెండు కార్లు తీయించి, అక్కడ పడుకోబెట్టారు. ఆయన కొడుకు పిల్లర్ మీద రాసున్న పార్కింగ్ నంబర్ కింద నిలబడి వచ్చినవాళ్ళకి దండం పెడుతున్నాడు. సింగపూర్ బ్లాకుల్లో నేల అంతస్తు ఇళ్ళు లేకుండా ఖాళీగా వదులుతారు, వాయిడ్ డెక్ అంటారు. చైనీయుల చావులూ మలయ్‌ల పెళ్ళిళ్ళూ అక్కడే జరుగుతాయి. మన బిల్డర్లు స్క్వాష్ కోర్టుకీ మినీ థియేటర్‌కీ చోటు పెడుతున్నారు, చావుకి పెట్టడం లేదు. మూడువేల మంది ఉండే చోట చావు రాదనుకున్నారో ఏమో.

సర్వీసు లిఫ్టు అన్నాను కదా, అదొకటి నాకు గొంతులో అడ్డం పడుతుంది. ఇంట్లో పనిచేసే ఆడవాళ్ళు, డెలివరీ కుర్రాళ్ళు దాంట్లోనే రావాలని నోటీసు. కుక్కల్ని మాత్రం మెయిన్ లిఫ్టులో తీసుకెళ్ళొచ్చు. మా ఇంట్లో గిన్నెలు తోమే అమ్మాయి పొద్దున పూట ఆ ఒక్క లిఫ్టు కోసం చాలాసేపు నిలబడి ఆలస్యంగా వస్తే, ఆ ఆలస్యానికి మాటలు పడేది మళ్ళీ ఆ అమ్మాయే. మీటింగులో లేవదీశాను. "సెక్యూరిటీ రీజన్స్" అన్నారు. ఇంకా లేవదీస్తూనే ఉంటా.

మంటల గురించి కొంచెం. ఫైర్ వాళ్ళ నిచ్చెన నీ అంతస్తు దాకా వస్తుందని ఆశ పెట్టుకోకు. అందుకే ఇంతెత్తు టవర్లలో మధ్యమధ్యలో రెఫ్యూజ్ ఏరియా, అంటే మంటలప్పుడు జనం చేరి తలదాచుకునే ఖాళీ చోటు, ఉండాలని రూలు. చాలాచోట్ల అది పాత సోఫాలతో నిండిపోతుంది. మెట్ల దగ్గర ఫైర్ డోర్ పొగ రాకుండా ఎప్పుడూ మూసి ఉండాలి. మా దగ్గర చెత్త తీసేవాళ్ళకి వీలుగా ఉంటుందని దానికి ఇటుక అడ్డం పెడతారు, నేను కనపడినప్పుడల్లా తీసేస్తా, తెల్లారేసరికి మళ్ళీ ఇటుక.

ఇక చెల్లెమ్మ అడగబోయేది, భూమిలో వాటా. ఎకరంలో 150 ఫ్లాట్లు లేచాయనుకో, తలకి 32 గజాలు. పాత నాలుగంతస్తుల అపార్ట్‌మెంట్లని పడగొట్టి బిల్డర్‌కి ఇస్తే ఓనర్లకి కొత్త ఫ్లాట్లు ఎలా వస్తున్నాయి? పైన పెంచడానికి చోటుంది కాబట్టి. నలభై అయిదంతస్తుల దాన్ని పడగొట్టి ఇంకేం పెంచుతారు? పడగొట్టడమూ చిన్న పని కాదు. నోయిడాలో 2022 ఆగస్టు 28న రెండు టవర్లని కూల్చడానికి దాదాపు 3,700 కిలోల పేలుడు మందు పట్టింది. కాబట్టి పిల్లలకి, వాళ్ళ పిల్లలకి ఆస్తి అన్న లెక్కతో కొనకు. నువ్వు, చెల్లెమ్మ, పిన్ని పాతికేళ్ళు బాగా బతకడానికి అయితే కొను. ఆస్తి కావాలంటే మన ఊరి వైపే ఏదైనా చూసుకో, అప్పు కూడా తక్కువ.

కొనేట్టయితే ఈ వారం చేయాల్సిన పనులు. నెలాఖరు గడువు పట్టించుకోకు, అది ప్రతి నెలా వస్తుంది. రెరా నంబర్, అంటే రియల్ ఎస్టేట్ చట్టం కింద ప్రాజెక్టుకిచ్చే రిజిస్ట్రేషన్, వచ్చిందో లేదో వాళ్ళ వెబ్‌సైట్‌లో నువ్వే చూడు, అది రాకముందే అమ్మే ప్రీలాంచ్ అంటే మాత్రం పైసా ఇవ్వకు. స్లాబులు, పిల్లర్ల లోపాలకి అయిదేళ్ళ దాకా బిల్డర్‌దే బాధ్యతని చట్టంలో ఉంది, అగ్రిమెంటులో దాన్ని నీరుగార్చే మాటలుంటే నాకు పంపు. అన్నిటికంటే ముఖ్యం, అదే బిల్డర్ ఏడెనిమిదేళ్ళ కిందట కట్టి ఇచ్చిన ప్రాజెక్టుకి వెళ్ళు. సేల్స్ వాళ్ళని తీసుకెళ్ళకు. సాయంత్రం పూట సెక్యూరిటీ అతనితో, ఎలక్ట్రీషియన్‌తో టీ తాగుతూ అడుగు: ఎన్ని లిఫ్టులు నడుస్తున్నాయి, ఎండాకాలం రోజుకి ఎన్ని ట్యాంకర్లు వస్తాయి, పెద్ద ఖర్చులకని కొనేటప్పుడే అందరిదగ్గరా తీసుకునే కార్పస్ ఫండ్ బిల్డర్ నుంచి అసోసియేషన్ చేతికి వచ్చిందా. ఈ మూడింటికీ అతను తడుముకోకుండా జవాబు చెబితే నీ సగం పని అయినట్టే.

వచ్చే శనివారం మీరిద్దరూ బయల్దేరి రండి, పిన్నిని కూడా తీసుకురా, మా అమ్మతో బెంచీ మీద కూర్చోబెడదాం. మనం ఆ పాత ప్రాజెక్టుకి పోదాం. కారు నంబర్ ముందే పంపు, గేటు యాప్‌లో ఎక్కిస్తా. లేకపోతే నేను కిందికి దిగొచ్చేదాకా బయటే నిలబెడతారు, పొద్దున పూట అయితే నేను లిఫ్టు కోసం ఎంతసేపు నిలబడాలో నాకే తెలియదు.

నీ
రాము