కోచ్ జీతం కాదు, ఒప్పందంలో లేని ఆ ఒక్క షరతు

అయ్యా,

అమెరికాలో ఏదైనా యూనివర్సిటీ తన ఫుట్‌బాల్ కోచ్‌ను తీసేస్తే, ఉద్యోగం ఊడినా కోట్లు దక్కాయంటూ వార్త వింతగా వస్తుంది. అంత సొమ్ము ఎందుకివ్వాల్సి వచ్చిందన్నది మాత్రం అందులో ఉండదు.

టెక్సస్ ఏ అండ్ ఎం యూనివర్సిటీ సంగతే చూడండి. 2017 డిసెంబరులో కోచ్‌గా జింబో ఫిషర్‌ను పదేళ్లకు 7.5 కోట్ల డాలర్లతో, పూర్తి గ్యారంటీ మీద తెచ్చుకున్నారు. 2020లో జట్టు పది ఆటల్లో తొమ్మిది గెలిచింది. ఆ ఊపులో 2021లో ఒప్పందాన్ని 2031 దాకా పొడిగించారు. మరుసటి ఏడాదే పన్నెండింట గెలిచింది ఐదు. 2023 నవంబరు 11న మిసిసిపి స్టేట్‌ను 51-10తో చిత్తు చేసింది. తెల్లారేసరికి ఫిషర్‌కు ఉద్వాసన! బాకీ: 60 రోజుల్లో 1.92 కోట్ల డాలర్లు, ఆపైన 2031 వరకు ఏటా 72 లక్షలు. అంతా కలిపి 7.68 కోట్లు.

ఇలాంటి ఒప్పందాల్లో మామూలుగా ‘ఆఫ్‌సెట్’ అనే షరతు ఉంటుంది. కోచ్ మరో కొలువు వెతుక్కోవాలి, అక్కడొచ్చే జీతం పాత బాకీలోంచి తగ్గాలి. ఫిషర్ ఒప్పందంలో అదే లేదు. అది ఉంటే ఏమవుతుందో పెన్ స్టేట్ యూనివర్సిటీలో చూశాం. 2025 అక్టోబరులో కోచ్ జేమ్స్ ఫ్రాంక్లిన్‌ను తీసేసిన నాడు బాకీ సుమారు 4.9 కోట్లు. నవంబరులో వర్జీనియా టెక్ యూనివర్సిటీ ఆయన్ను తీసుకోగానే లెక్క 90 లక్షలకు తేలింది.

మరి అంత చదువుకున్నవాళ్లు ఇలా ఎందుకు సంతకాలు పెడతారు? హైస్కూలు కుర్రాడిని జట్టులోకి రప్పించేటప్పుడు వాడూ, వాడి తల్లీ అడిగే మొదటి ప్రశ్న: ‘మీరు నాలుగేళ్లూ ఇక్కడే ఉంటారా?’ ఒప్పందంలో రెండేళ్లే మిగిలితే పోటీ కోచ్‌లు దాన్నే ప్రచారం చేస్తారు. అందుకే ఒక మంచి సీజన్ రాగానే పొడిగింపు. పైగా కుర్రాళ్ల సంతకాలు డిసెంబరులోనే మొదలవుతాయి కాబట్టి, కొత్త కోచ్‌ను వెతికే తొందరలో పాతవాణ్ణి సీజన్ మధ్యలోనే సాగనంపుతారు. తొందరలో బేరం ఎప్పుడూ కోచ్ తరఫు ఏజెంటుదే.

ఈ వైభవం హెడ్ కోచ్‌కే. అక్కడికి చేరాలంటే గ్రాడ్యుయేట్ అసిస్టెంట్‌గా (పీజీ చదువుతూ చేసే సహాయకుడు) చేరి, పొజిషన్ కోచ్ (ఒక స్థానంలో ఆడేవాళ్లకు నేర్పేవాడు), కోఆర్డినేటర్ (దాడికో, రక్షణకో బాధ్యుడు) మెట్లెక్కాలి. పేరుమోసిన కోచ్ నిక్ సేబన్ 1973లో కెంట్ స్టేట్‌లో మొదలుపెడితే, టొలీడోలో హెడ్ కోచ్ అయ్యేసరికి 1990. హెడ్ కోచ్ పోతే సహాయకుల్లో చాలామంది మూటాముల్లె సర్దుకోవాల్సిందే.

ఫిషర్ బాకీ దాతల సొమ్ముతో, క్రీడా విభాగం నిధులతో తీరుస్తామని యూనివర్సిటీ చెప్పింది. సరే. కానీ ఒక్కో యూనివర్సిటీ ఆటగాళ్లకు నేరుగా పంచగల మొత్తం 2025-26లో గరిష్ఠంగా 2.05 కోట్లు. తీసేసిన కోచ్‌కు ఏటా వెళ్లే 72 లక్షలు అందులో మూడో వంతుకు పైమాటే.

టెక్సస్‌లో ప్రభుత్వ యూనివర్సిటీ కోచ్ ఒప్పందాన్ని సమాచార చట్టం కింద ఎవరైనా అడిగి తీసుకోవచ్చు. అక్కడ చదివి, ఏటా చందా పంపే తెలుగువారు చెక్కు రాసేముందు ‘కారణం లేకుండా తొలగింపు’ అన్న భాగం తెరిచి ఆఫ్‌సెట్ ఉందో లేదో చూడాలి. మీ పత్రిక క్రీడావిభాగం కూడా ఇకపై బాకీ అంకె పక్కన ఆ ఒక్క ముక్క వేస్తే బాగుంటుంది.

— ఒక పాఠకుడు, హ్యూస్టన్